బస్సు 174: తల్లి కథలో పలచబడిన నగరం కథ

2000 జూన్ 12న రియో డి జనీరోలో 174 నంబర్ సిటీ బస్సులోకి దోపిడీకని ఎక్కిన ఓ కుర్రాడు, పోలీసులు చుట్టుముట్టేసరికి ప్రయాణికుల్ని బందీలుగా పట్టుకున్నాడు. నాలుగు గంటలకు పైగా ఆ తతంగమంతా బ్రెజిల్ టీవీల్లో లైవ్‌గా నడిచింది. బ్రూనో బరెటో 2008లో దీన్నే 'లాస్ట్ స్టాప్ 174'గా తీశాడు. బస్సులో టెన్షన్ కోసం వెళ్లినవాళ్లకు నిరాశే. సినిమాలో ఎక్కువ భాగం సాండ్రో అనే ఆ కుర్రాడు బస్సెక్కేదాకా బతికిన బతుకే. నా దృష్టిలో అదే సరైన ఎంపిక.

ఎందుకంటే నగరం అతన్ని అంతకుముందే ఒకసారి చంపబోయింది. కళ్లముందే తల్లి హత్య జరిగాక వీధిన పడ్డ సాండ్రో, కాండెలారియా చర్చి దగ్గర పడుకునే పిల్లల్లో చేరాడు. 1993 జూలై 23 రాత్రి పోలీసులున్న ముఠా ఒకటి ఆ పిల్లలపై కాల్పులు జరిపింది. ఎనిమిది మంది చనిపోయారు, సాండ్రో బతికాడు. ఏడేళ్ల తర్వాత బస్సు కిటికీలోంచి ఆ చర్చి పేరెత్తి అరిచాడు. బస్సు ఆగింది సంపన్నులుండే జార్దిమ్ బొటానికోలో. కెమెరాలు వచ్చాయి, దేశం మొదటిసారి అతని మొహం చూసింది.

ఇంత బలమైన నిజం చేతిలో ఉండగా, బరెటో తప్పిపోయిన కొడుకు కోసం వెతికే తల్లిని, ఒకేలాంటి పేర్లున్న ఇద్దరు కుర్రాళ్లను తెచ్చిపెట్టాడు. సాండ్రోను కొడుకులా చేరదీసిన మహిళ నిజంగానే ఉంది, కాదనను. కానీ యాదృచ్ఛికాలు పెరిగేకొద్దీ తప్పు విధి మీదకు జారిపోతుంది. పోలీసులు, బాల నేరస్థుల కేంద్రాలు, జైళ్లు నేపథ్యంలోకి వెళ్లిపోతాయి.

జోసె పడీల్యా 2002 డాక్యుమెంటరీ 'బస్ 174' ఈ సౌకర్యం ఇవ్వదు. కిక్కిరిసిన సెల్‌లోని ఖైదీలనే మాట్లాడిస్తుంది. చివర్లో పోలీసు కాల్పుల గురి తప్పడం, సాండ్రో తూటాలకు బందీగా ఉన్న యువతి చనిపోవడం, పట్టుబడిన సాండ్రో పోలీసు వాహనంలోనే ఊపిరాడక ప్రాణం వదలడం మనకు తెలుసు. ఆ పోలీసులను కోర్టు నిర్దోషులుగా వదిలేసింది.

రెండూ చూడాలనుకుంటే ముందు డాక్యుమెంటరీ చూడండి. తర్వాత బరెటో సినిమాలో ఆ తల్లి ఏడ్చినప్పుడల్లా ఏ సన్నివేశం ఎగిరిపోయిందో మీకే తెలుస్తుంది.