మసక ఉన్నది మీ కళ్లలోనే సార్

మొన్న ఆదివారం హనుమకొండలో ఒక మల్టీప్లెక్స్‌లో బొమ్మ చూశాం. చూశాం అనడం కూడా ఎక్కువే. హీరో, హీరోయిన్, విలన్, ముగ్గురి మొహాలూ ఉడికిన ఆలుగడ్డల్లా ఉన్నాయి. నా కళ్లద్దాలు రెండుసార్లు తుడుచుకున్నాను. చూస్తే పక్కాయన కూడా తనవి తుడుచుకుంటున్నాడు.

బయటికొచ్చి ఆపరేటర్ ఎక్కడ బాబూ అంటే, పాప్‌కార్న్ పిల్లాడు "ఆపరేటర్ అంటే ఎవరు సార్?" అన్నాడు. మంచి ప్రశ్నే. పాపం వాడు మేనేజర్‌కు ఫోన్ చేశాడు, మేనేజర్ టెక్నీషియన్‌కు, టెక్నీషియన్ హైదరాబాద్‌కు. అక్కడొకాయన కంప్యూటర్‌లో చూసి "మాకు ఇక్కడ అంతా ఓకే చూపిస్తోంది" అని తీర్పు చెప్పాడు. తెర ఇక్కడ, లెన్స్ ఇక్కడ, డబ్బులు కట్టి కూర్చున్న జనం ఇక్కడ, చూసే కన్ను మాత్రం హైదరాబాద్‌లో! చివరికి నా ఫిర్యాదుకు పరిష్కారంగా ఒక పాప్‌కార్న్ డబ్బా ఫ్రీగా ఇచ్చారు. అదొక్కటి మాత్రం స్పష్టంగా కనబడింది.

ఒకప్పుడు ఇంత తతంగం లేదు. ఫోకస్ జారగానే నేల టికెట్ జనం వెనక్కి తిరిగి, గోడలోని ఆ చిన్న కంతలోకి చూసి ఆపరేటర్ తల్లిని, తండ్రిని వరసపెట్టి తలుచుకునేవాళ్లు, ఆయన లెన్స్ కాస్త తిప్పేవాడు, అయిపోయేది.

అప్పట్లో 2000 అడుగుల ఫిల్మ్ రీలు 22 నిమిషాలకు అయిపోయేది. ఈలోపు ఆపరేటర్ రెండో ప్రొజెక్టర్ మిషన్‌లో తర్వాతి రీలు ఎక్కించి, తెర కుడి పైమూలన చుక్క పడగానే మోటారు వేసి, ఏడెనిమిది సెకన్లకు రెండో చుక్క పడినప్పుడు ఇది మూసి అది తెరవాలి. కాస్త ఆలస్యమైతే తెల్ల తెర, మళ్లీ తల్లీ తండ్రీ. పక్కన బొమ్మకు వెలుగునిచ్చే కార్బన్ కడ్డీలు భగభగ మండుతూ అరిగిపోతుంటే వాటినీ దగ్గరికి జరుపుతూ ఉండాలి. బయట వరంగల్ మే నెల, లోపల ఆ పొగ.

అలాంటి మనిషిని తిట్టడానికి తప్ప ఏనాడైనా తలుచుకున్నామా? డిజిటల్ రాగానే మిషన్లను కిలోల లెక్కన పాత సామాన్లకు అమ్ముకున్నారు, ఇనుముకైనా ఒక రేటు కట్టారు కదా, ఏళ్లకేళ్లు ఆ అగ్గి ముందు నిలబడ్డ ఆపరేటర్‌కు ఏం కట్టారు? రేపటి నుంచి రావొద్దన్నారు. సిగ్గుండాలి మనకు!

మా కరీమాబాద్‌లో ఒక పాత ఆపరేటర్ కాకా ఉన్నాడు. రాత్రి ఆయనకు ఇదంతా చెప్పుకుని ఏడ్చాను. "మసక నడుమనా బిడ్డా, అంచులల్లనా?" అని అడిగాడు.

పాప్‌కార్న్ బాగుందని చెప్పాను.