ఆ పట్టికలో లాయరు లింకన్ ఏడీ?

మా అక్క కొడుకు గ్రూప్-2 తప్పిన రోజు సాయంత్రం కుటుంబ వాట్సాప్‌లోకి ఆ పట్టిక మళ్లీ వచ్చింది. "1831లో వ్యాపారం దివాలా. 1832లో ఎన్నికల్లో ఓటమి. 1836లో మానసికంగా కుప్పకూలాడు. 1838లో స్పీకర్ పదవికి, 1840లో ఎలెక్టర్‌గా, 1843లోనూ 1848లోనూ కాంగ్రెస్‌కు, 1855లోనూ 1858లోనూ సెనేట్‌కు, 1856లో ఉపాధ్యక్ష పదవికి ఓడిపోయాడు. 1860లో అమెరికా అధ్యక్షుడయ్యాడు. ఆయనే అబ్రహాం లింకన్!" పంపినవారిది మంచి మనసే. అయినా దెబ్బతిని కూర్చున్న కుర్రాడి చేతిలో తప్పుడు లెక్క పెట్టడం నాకు సహించలేదు.

1831లో లింకన్‌కు సొంత వ్యాపారమే లేదు. ఇరవై రెండేళ్ల వయసులో న్యూసేలం అనే కొత్త పల్లెకు వచ్చి, మరొకరి దుకాణంలో గుమాస్తాగా చేరాడు. బెర్రీ అనే భాగస్వామితో కలిసి నడిపిన కొట్టు మునిగింది ఆ తర్వాత. ఆ అప్పును ఏళ్ల తరబడి తీర్చాడు. అది నిజమైన దెబ్బే.

1832లో ఇల్లినాయ్ రాష్ట్ర శాసనసభ ఎన్నికల్లో ఓటమీ నిజం. పదమూడు మందిలో ఎనిమిదో స్థానం. ఊరికి వచ్చి ఏడాదే అయింది, పైగా ప్రచారం చేయవలసిన నెలల్లో ఆదివాసీ నాయకుడు బ్లాక్ హాక్‌తో జరిగిన యుద్ధంలో ఉన్నాడు. అయితే న్యూసేలంలో పోలైన 300 ఓట్లలో 277 ఆయనకే పడ్డాయి. మాకు వచ్చిన పట్టికలో ఈ సంఖ్య లేదు. 1834, 1836, 1838, 1840లలో వరసగా నాలుగుసార్లు ఇల్లినాయ్ శాసనసభకు గెలిచిన సంగతీ లేదు.

1836లో కుప్పకూలాడట! ఆ ఏడాదే ఎన్నికల్లో నెగ్గాడు, ఆ సెప్టెంబరులోనే న్యాయవాద వృత్తికి అనుమతి సంపాదించాడు. లింకన్‌ది లోతైన దిగులు మనసు, అందులో సందేహం లేదు. 1835లో, ఆయన ప్రేమించాడని చెప్పే ఆన్ రట్లెడ్జ్ చనిపోయినప్పుడు, 1841 జనవరిలో మేరీ టాడ్‌తో పెళ్లి మాట తప్పిపోయినప్పుడు స్నేహితులు ఆయన గురించి భయపడ్డారు. ఆ బాధను సరైన చోట గౌరవంగా చెప్పాలి.

ఇల్లినాయ్ సభ స్పీకర్ పదవికి ఇరవై తొమ్మిదేళ్లకే తన పార్టీ అయిన విగ్ పార్టీ ఆయన్ను నిలిపిందంటే సభలో ఆ పార్టీకి ఆయన ఎంతటివాడో ఆలోచించండి. 1840లో ఇల్లినాయ్‌లో పార్టీ ఓడింది కాబట్టి, అధ్యక్షుణ్ని ఎన్నుకునే ఎలెక్టర్లుగా అది నిలిపిన జాబితా మొత్తం ఓడింది. 1843లో ఆయన కాంగ్రెస్‌కు, అంటే అమెరికా పార్లమెంటుకు, పోటీ చేయనే లేదు, పార్టీ టికెట్టు సహచరుడు హార్డిన్‌కు దక్కింది. ఆ తర్వాత బేకర్, ఆ తర్వాత లింకన్ అని వంతులు నడిచాయి. తన వంతు వచ్చిన 1846లో గెలిచాడు. ఆ ఒప్పందం ప్రకారమే 1848లో తప్పుకున్నాడు. పోటీయే లేనిచోట ఓటమి ఎక్కడిది?

నన్ను అన్నిటికంటే నొప్పించేది మరొకటి. ఇన్ని తేదీలున్న ఆ పట్టికలో 'లాయరు' అన్న మాటే లేదు. ఇరవై మూడేళ్ల పైచిలుకు కాలం ఆయనకు తిండి పెట్టిన వృత్తి అది. 1837లో స్ప్రింగ్‌ఫీల్డ్‌కు వచ్చినప్పుడు మంచం, పరుపు కొనడానికి పదిహేడు డాలర్లు కూడా లేవు. కొట్టు యజమాని జాషువా స్పీడ్ పైగదిలో తన మంచంలోనే సగం ఇస్తానంటే, జీనుసంచులు పైకి తీసుకెళ్లి పెట్టి వచ్చి, 'ఇదుగో, కాపురం మార్చేశాను' అన్నాడు. ఆ తర్వాత ఏటా వసంతంలో, శరత్తులో జడ్జి వెంట ఊరూరా తిరిగే కోర్టు. బురద దారులు, సత్రాల్లో ఇద్దరికొక మంచం, అప్పు పత్రాల తగాదాలు, పశువుల తగాదాలు, పరువు నష్టం దావాలు. ఆయన పని చేసిన కేసులు ఐదు వేలకు పైగా దొరికాయి. కాగితాలు టోపీలో పెట్టుకునే అలవాటు. వచ్చిన ఉత్తరాన్ని పాత టోపీలో పెట్టి మర్నాడే కొత్త టోపీ కొనడంతో అది మరుగున పడిపోయిందని 1850లో ఒకరికి రాసి, జవాబు ఆలస్యమైనందుకు మన్నించమన్నాడు. ఇల్లినాయ్ సెంట్రల్ రైల్వే మీద తన ఫీజు కోసం తానే దావా వేసి ఐదు వేల డాలర్లు రాబట్టాడు. 1847లో మాట్సన్ అనే బానిసల యజమాని పక్షాన వాదించి ఓడిపోయాడు కూడా. ఈ మచ్చను దాచి ఆయన్ను పూజించడం నాకిష్టం లేదు.

ఇక సెనేట్. అప్పట్లో సెనేటర్లను ఎన్నుకునేది శాసనసభ్యులు. 1855లో మొదటి విడతలో లింకన్‌కు 44 ఓట్లు, మరో అభ్యర్థి ట్రంబుల్‌కు 5. బానిసత్వ విస్తరణకు అడ్డుపడేవాడే గెలవాలని, చివరికి తన ఓట్లను ట్రంబుల్‌కు మళ్లించాడు. దాన్ని ఓటమి అని ఒక్క మాటలో కొట్టేస్తే ఆయన చేసిన త్యాగమే కనబడదు. 1856లో ఫిలడెల్ఫియాలో జరిగిన రిపబ్లికన్ పార్టీ సభలో ఉపాధ్యక్ష అభ్యర్థిత్వానికి ఆయన పేరుకు 110 ఓట్లు వచ్చినప్పుడు ఆయన అక్కడ లేనే లేడు, కోర్టు పనిలో ఉన్నాడు. 1858లో డెమోక్రాట్ డగ్లస్ చేతిలో ఓడింది మాత్రం నిజం. అప్పుడు డగ్లస్‌తో జరిపిన ఏడు బహిరంగ చర్చలే ఆయన పేరును దేశమంతటా వినిపించాయి.

1861 ఫిబ్రవరిలో వాషింగ్టన్‌కు బయలుదేరే ముందు తన ఆఫీసు మెట్ల దగ్గర భాగస్వామి హెర్న్‌డన్‌తో ఏమన్నాడో హెర్న్‌డనే చెప్పాడు: మన పేర్ల బోర్డు అలాగే ఉండనీ, బతికుంటే తిరిగి వస్తాను, ఏమీ జరగనట్టే మళ్లీ ప్రాక్టీసు చేసుకుందాం.