తాళం వేసి ఉన్న 400 మీటర్లు

మా ఊరి యూనివర్సిటీ స్టేడియం గురించి ఈమధ్య కొందరు కుర్రాళ్లు ఒక పుకారు లేపారు. అది ఆడుకోవడానికి కట్టారట! నేను పదకొండేళ్లుగా పొద్దున్నే అక్కడ నడుస్తున్నవాణ్ణి, పైగా వాకర్స్ సంఘం కార్యవర్గ సభ్యుణ్ణి. అసలు సంగతి చెప్పాల్సిన బాధ్యత నా మీద పడింది.

స్టేడియాన్ని పాడుచేసేది ఆటగాళ్లే. ఇందులో వాదించడానికేముంది? వాళ్లు పరిగెడతారు, దూకుతారు, విసురుతారు. 7.26 కిలోల ఇనప గుండు ఎక్కడో ఓ చోట పడాలి కదా, పడ్డచోట నేలకి ఏమన్నా మేలు జరుగుతుందా? మా అధికారులు ఈ ప్రమాదాన్ని ముందే పసిగట్టారు. సింథటిక్ ట్రాక్ వేసిన మర్నాడే గేటుకి తాళం వేయించారు. అందుకే ట్రాక్ ఇప్పటికీ పారాణి పెట్టినట్టు ఎర్రగా ఉంది. తాళం చెవి ఒకటే, అది పీడీ (ఫిజికల్ డైరెక్టర్) సార్ దగ్గర ఉంటుంది. పీడీ పోస్టు నాలుగేళ్లుగా ఖాళీ. ఇంతకు మించిన భద్రత బ్యాంకు లాకరుకి కూడా ఉండదు.

మా సంఘానికి మాత్రం పక్క గేటు ఉంది. అది వేరే విషయం.

ట్రాక్‌లో ఎనిమిది లేన్లు, ఒక్కొక్కటి 1.22 మీటర్ల వెడల్పు. ఇద్దరు పెద్దమనుషులు పక్కపక్కన నడుస్తూ షుగర్ గురించి, అల్లుళ్ల గురించి మాట్లాడుకోవడానికి సరిగ్గా సరిపోతుంది. ఈ కొలత పెట్టినవాడెవడో మమ్మల్ని చూసే పెట్టుంటాడు. లోపలి లేన్‌లో ఒక రౌండ్ 400 మీటర్లు, ఎనిమిదో లేన్‌లో 453. మాకు మోకాళ్ల నొప్పులు కాబట్టి లోపలి మూడు లేన్లు మావి. కానిస్టేబుల్ కొలువుకి ప్రాక్టీస్ చేసే పిల్లలు వాచ్‌మన్‌ని మంచి చేసుకుని తెల్లవారుజామున వస్తుంటారు. వాళ్లని బయటి లేన్‌కి సర్దాం. తెలంగాణలో 2022 నోటిఫికేషన్ ప్రకారం అబ్బాయిలు 1600 మీటర్లు 7 నిమిషాల 15 సెకన్లలో పూర్తిచేయాలి. అంటే నాలుగు రౌండ్లు. ఎనిమిదో లేన్‌లో అవే నాలుగు రౌండ్లు కొడితే 1812 మీటర్లు అవుతుంది. పైన 212 మీటర్లు మా సంఘం తరఫున ఉచితం. ఒక అబ్బాయి ఎంత పరిగెత్తినా టైమ్ రావట్లేదని మూడు నెలలు ఒకటే టెన్షన్ పడ్డాడు, గుడికి వెళ్లి ముడుపు కూడా కట్టాడు. చివరికి ఎమ్మెస్సీ మ్యాథ్స్ కుర్రాడెవడో కూర్చోబెట్టి ఈ లెక్క చెప్పాడు. ఈ కాలం పిల్లలకి పెద్దలంటే గౌరవం లేదని ఊరికే అంటామా?

ట్రాక్ మీద పరుగెత్తేవాళ్ల బూట్లకి స్పైక్స్, అంటే చిన్న మేకులు, ఉంటాయి. అవి 9 మిల్లీమీటర్లు దాటకూడదని అంతర్జాతీయ నిబంధన. మందమే పదమూడు మిల్లీమీటర్లు ఉండే పొర కదా మరి, జాగ్రత్త అవసరం. మొన్న ఎన్నికల ముందు సభ జరిగినప్పుడు షామియానా కోసం రెండడుగుల ఇనప గూటాలు అదే ట్రాక్‌లో దిగ్గొట్టారు. గూటాల గురించి నిబంధనలో ఒక్క ముక్క లేదు, నేను స్వయంగా చదివాను. ఇంకోటి, ఆటగాళ్ల కళ్లలో ఎండ పడకుండా స్టేడియాన్ని ఉత్తరం నుంచి దక్షిణానికి పొడవుగా కడతారు. వేదికకేమో వాస్తు ప్రకారం తూర్పు ముఖం కావాలి. దాంతో వేదిక అడ్డంగా వచ్చి లాంగ్‌జంప్ గుంత మీద కూర్చుంది. గుంతలో ఇసుక ఎటూ లేదు, గెస్ట్ హౌస్ ప్లాస్టరింగ్‌కి వెళ్లింది. పల్లేరు కాయలున్నాయి.

మైదానం మధ్యలో తెల్లరంగుతో పెద్ద హెచ్ అక్షరం వేసినప్పుడు మా హాకీ కుర్రాళ్లు పొంగిపోయారు పాపం. హెలికాప్టర్ దిగేదాకా వాళ్లకి విషయం తెలీదు.

వసతులకేం లోటు లేదు. ఈతకొలనులో నీళ్లు లేవు కాబట్టి మునిగినవాళ్లూ లేరు. మల్టీజిమ్ యంత్రాలకి వచ్చిననాటి ప్లాస్టిక్ కవరు అలాగే ఉంది. స్టీపుల్‌ఛేజ్ (అడ్డాలూ నీళ్లూ దాటుతూ పరిగెత్తే పందెం) కోసం తవ్విన నీటి గుంత మాత్రం మొన్నటి వానలకి నిండింది. దోమలు పెరిగాయని మున్సిపాలిటీవాళ్లు వచ్చి గంబూసియా చేపలు వదిలి వెళ్లారు. ఇప్పుడు మా స్టేడియంలో రోజూ క్రమం తప్పకుండా ప్రాక్టీస్ చేస్తున్నవి అవే.

2023 జులై, ఆగస్టుల్లో చైనాలోని చెంగ్డూలో ప్రపంచ విశ్వవిద్యాలయ క్రీడలు జరిగాయి. మన విశాఖ అమ్మాయి జ్యోతి యర్రాజి 100 మీటర్ల హర్డిల్స్‌ని 12.78 సెకన్లలో ముగించి కాంస్యం తెచ్చింది, జాతీయ రికార్డు కూడా. మేమంతా వాట్సాప్ స్టేటస్ పెట్టుకున్నాం. అది చూసి మా వర్సిటీలో ఒక పీజీ అమ్మాయి తనూ ప్రాక్టీస్ చేస్తానని హర్డిల్స్ అడిగింది. జ్యోతి దాటినవి పది. ఈ అమ్మాయి దాటాల్సినవి శాఖాధిపతి సంతకం, ప్రిన్సిపాల్ సంతకం, స్టోర్ ఇండెంటు, విరిగితే తనదే బాధ్యతని రాసిచ్చే కాగితం. అన్నీ దాటింది, మెచ్చుకోవాలి. తీరా స్టోర్ గది తెరిస్తే హర్డిల్స్ మీద జవాబు పత్రాల మూటలున్నాయి. రీవాల్యుయేషన్ గడువు తీరేదాకా కదపకూడదని పరీక్షల విభాగం చెప్పింది. అమ్మాయి హాస్టల్ వెనక ప్లాస్టిక్ కుర్చీలు వరసగా పేర్చుకుని దూకడం మొదలెట్టింది. ఆ కుర్చీలు స్నాతకోత్సవానికి కొన్నవి. మెమో ఇచ్చారు.

అయినా స్పోర్ట్స్ ఫీజు కట్టామని విద్యార్థులు అడుగుతూనే ఉంటారు. కట్టారు, కాదనలేదు. తాళానికి నూనె ఎవరు పోస్తారు? శిలాఫలకం తుడిచేదెవరు? మా స్టేడియంలో శిలాఫలకం అంత శుభ్రంగా ఉన్నది ఇంకోటి లేదు. దానిమీద పదిహేడు పేర్లున్నాయి, ఒక్కటీ ఆటగాడిది కాదు.

ఇంత చేసినా కుర్రాళ్లు ఊరుకోవడం లేదు. సాయంత్రం కాగానే వెనక గోడ దూకి లోపలికొస్తున్నారు. వాచ్‌మన్ కర్ర పుచ్చుకుని వెంటపడతాడు, వాళ్లు మళ్లీ అదే గోడ దూకి బయటపడతారు. ఈసారి అంతర్ కళాశాలల పోటీల్లో మావాళ్లకి హైజంప్‌లో మొదటి రెండు స్థానాలు వచ్చాయి. విషయం తెలిసి అధికారులు చాలా సీరియస్ అయ్యారు. గోడ మీద రెండు వరసల ఇటుక పెంచారు. కుర్రాళ్లు వారం రోజులు తంటాలు పడి అదీ దాటేశారు. మూడో వరసకి టెండరు పిలిచారని నిన్న నడకలో విన్నాను.