జపాన్ వలలో పడింది డైనోసార్ కాదు, కుళ్ళిన సొర

‘1977లో జపాన్ వాళ్ళ వలలో డైనోసార్ల కాలంనాటి జంతువు పడింది. శాస్త్రవేత్తలు దాచేశారు. మన సిక్కోలు తీరానికి కొట్టుకొచ్చే వింత కళేబరాలూ అవే.’ భావనపాడు నుంచి బారువ దాకా ఫోన్లలో తిరుగుతున్న పోస్టు సారాంశం ఇది.

‘దాచేశారు’ అన్నది పచ్చి అబద్ధం. ఆ ఏప్రిల్ 25న న్యూజిలాండ్‌లోని క్రైస్ట్‌చర్చ్‌కి తూర్పున జుయో మారు అనే ట్రాలర్ సుమారు 300 మీటర్ల లోతు నుంచి దాన్ని పైకి లాగింది. పొడవు 10 మీటర్లు, బరువు దాదాపు 1,800 కిలోలు, భరించలేని కంపు. పట్టిన చేపంతా పాడవుతుందని కెప్టెన్ దాన్ని కడలిలో పడేయించాడు. వేట మీద బతికేవాళ్ళెవరైనా అదే చేస్తారు. పారేసేముందు ఫొటోలు తీశారు, కొలతలు రాసుకున్నారు, రెక్క పీచులు కోసి ఉంచారు. ఆ పీచుల్లో అమైనో ఆమ్లాల పాళ్ళు బాస్కింగ్ సొర (ఒక రకం భారీ సొరచేప) పీచులతో సరిపోయాయి. పోస్టులో ఫొటో ఉంటుంది, ఈ పరీక్ష ఊసు ఉండదు.

‘చిన్న తల, పొడవాటి మెడ’ అంటారా, మోసమంతా ఇక్కడే. బాస్కింగ్ సొరకి దవడలు, మొప్పల కమానులు పుర్రెకి వదులుగా వేలాడుతుంటాయి. కుళ్ళితే ముందు ఊడేవి అవే. మిగిలేది చిన్న పుర్రె, దాని వెనక వెన్ను. చూసేవాళ్ళకి అదే మెడ. సొర తోకలో వెన్ను పైకొమ్ములోకే సాగుతుంది కాబట్టి కిందికొమ్ము రాలిపోయాక బల్లితోకలా కనబడుతుంది.

ఒంటినిండా ‘వెంట్రుకలు’ అంటే చర్మం పోయాక తేలిన పీచు. 2003లో చిలీ తీరానికొచ్చిన 12 మీటర్ల ముద్దనీ రాక్షసి అన్నారు. డీఎన్‌ఏ చూస్తే స్పెర్మ్ తిమింగలం.

ఇక మన తీరం. బాస్కింగ్ సొర చల్లనీళ్ళ చేప, ఇక్కడ దాని పేరెత్తనక్కర్లేదు. మనకి వచ్చేవి తిమింగలాలు, తిమింగల సొరలు (పేరులో తిమింగలం ఉన్నా ఇవి సొరచేపలే). 2023 జూలైలో సంతబొమ్మాళి మండలం మేఘవరం దగ్గర సుమారు 25 అడుగుల నీలి తిమింగలం కొట్టుకొచ్చింది. (నీలి తిమింగలం పుట్టిన పిల్లే ఇంచుమించు అంత ఉంటుంది.) తోక అడ్డంగా పరుచుకుంటే తిమింగలం, నిలువుగా ఉంటే చేప. తోక మిగలకపోతే వెన్నుపూస చూడండి: రెండు ముఖాలూ గిన్నెల్లా గుంటపడ్డ బిళ్ళలైతే సొర, చదునుగా ఉండి పక్కలకి పొడవాటి కొమ్ములుంటే తిమింగలం. ఫొటో పక్కనుంచి తీయండి, మీటరు కర్రని కళేబరానికి ఆనించి పెట్టండి. తలవైపు నుంచి దగ్గరగా తీస్తే ఏదైనా రాక్షసే. ఉబ్బిన కళేబరం ఎక్కొద్దు, పొడవొద్దు. లోపలి గ్యాస్‌కి పేలొచ్చు. ముక్కా, ఎముకా ఇంటికి తేవద్దు. తిమింగలాలూ, తిమింగల సొరలూ వన్యప్రాణి చట్టంలో అత్యధిక రక్షణ ఇచ్చే షెడ్యూల్ 1లో ఉన్నాయి, కబురు అటవీశాఖకే వెళ్ళాలి.