బేషరతు క్షమాపణలు చెప్పబడును

ప్రభుత్వ ఫైలు కదలదని అనేవాళ్లు అధికారిని కోర్టుకు స్వయంగా రమ్మనే ఫారం-1 నోటీసు మహిమ ఎరగనివాళ్లు. హైకోర్టు ఉత్తర్వు వచ్చి రెండేళ్లయినా అధికారి అమలు చేయడు. బాధితుడు కోర్టు ధిక్కరణ పిటిషన్ వేస్తాడు. కౌంటరుకు, అంటే రాతపూర్వక జవాబుకు గడువు, ఆ గడువుకు మరో గడువు. చివరికి న్యాయమూర్తికి ఓపిక నశించి ‘స్వయంగా హాజరు కావాలి’ అంటారు. ఆ ముందు రోజు సాయంత్రం కార్యాలయాన్ని చూసి తరించాలి.

అయిదింటికి ఫైలు ఎక్కడుందో ఎవరికీ తెలియదు. ఆరింటికి బీరువా తాళంచెవి దొరుకుతుంది. ‘నిధులు లేవు’ అన్న నోటు కిందే, అదే చేతిరాతతో ‘నిధులు కలవు’ అని వెలుస్తుంది. ఆర్థిక శాఖ అభ్యంతరం టీ చల్లారేలోగా తొలగిపోతుంది. సెలవులో ఉన్న సూపరింటెండెంటు పెళ్లి భోజనం వదిలి వచ్చి సంతకం పెడతాడు. రాత్రి పదకొండింటికి పింఛను కోసం కేసు వేసిన ముసలమ్మకు ఫోను: “అమ్మా, మీ బ్యాంకు ఖాతా నంబరు కాస్త చెబుతారా?” ఆమె పెట్టుకున్న ప్రతి అర్జీలోనూ ఉంది ఆ నంబరు.

మర్నాడు కోర్టులో ప్రమాణపత్రం. న్యాయస్థానమంటే ఈ ప్రతివాదికి అపార గౌరవం. జాప్యం ఉద్దేశపూర్వకం కాదు, పరిపాలనా కారణాల వల్ల జరిగింది. కనుక బేషరతు క్షమాపణ. పేరు, హోదా మార్చుకుంటే చాలు, ఏ శాఖకైనా సరిపోతుంది. నిజానికి 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ఇంకా దయగలది. చిత్తశుద్ధి ఉంటే, షరతులు పెట్టారన్న ఒక్క కారణంతో క్షమాపణను తోసిపుచ్చకూడదంటుంది. అయినా మనవాళ్లు బేషరతుగానే చెబుతారు. ఉదారులు!

క్షమాపణ రుచించకపోతే గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. కరువు భత్యం ఎన్నిసార్లు పెరిగినా ఆ రెండు వేలు మాత్రం 1971 నుంచి పైసా పెరగలేదు.

2022లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు వేసింది. పాఠశాలల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు వద్దన్న ఉత్తర్వును పట్టించుకోలేదని. వాళ్లు క్షమాపణ చెప్పగానే శిక్ష మారింది: ఏడాదిపాటు నెలకోసారి సంక్షేమ హాస్టలుకు వెళ్లి సేవ చేయాలి. హాస్టలుకు వెళ్లి పిల్లల బాగోగులు చూడటం అధికారుల విధి అనుకుంటూ వచ్చాం. శిక్ష అని అప్పుడే తెలిసింది.

గుంటూరు జిల్లా గుడిసెల కేసు దగ్గర మాత్రం నాకు నవ్వు రాదు. 2013లో హైకోర్టు ఉత్తర్వు ఇచ్చింది. దాన్ని లెక్కచేయకుండా తహసీల్దారు దగ్గరుండి పేదల గుడిసెలు పడగొట్టించాడు. హైకోర్టు రెండు నెలల జైలు వేసింది. అప్పీళ్లు నడిచాయి. ఈలోగా ఆయనకు డిప్యూటీ కలెక్టరుగా పదోన్నతి! కోర్టు మాట కాలరాసినవాడికి మెట్టు ఎక్కించిన ప్రభుత్వానికి సిగ్గు లేదా? పదోన్నతి ఫైలు మీద సంతకాలు పెట్టిన చేతులకు ఆ కూలిన గుడిసెలు ఒక్కటీ కనబడలేదా? 2025 మే నెలలో సుప్రీంకోర్టు ఆయన్ను మళ్లీ తహసీల్దారును చేసి లక్ష రూపాయల జరిమానా వేసింది. అంటే పదకొండేళ్ల తర్వాత ఆయన బయలుదేరిన కుర్చీకే చేరుకున్నారు. నిలువ నీడ పోయినవాళ్లు ఆ పదకొండేళ్లూ ఎక్కడ తలదాచుకున్నారో కనుక్కోవడానికి ఏ అధికారికీ ఫారం-1 అందలేదు.

మీ చేతిలోనూ అమలుకాని ఉత్తర్వు ఉంటే తేదీ చూసుకోండి. ధిక్కరణ జరిగిన ఏడాదిలోపు కోర్టును ఆశ్రయించాలని అదే చట్టంలో 20వ సెక్షన్ చెబుతోంది. అమలు చేయవలసిన దొరగారికి ఎన్నేళ్లు పట్టినా అది పరిపాలనా కారణమే. మీరు ఒక్క రోజు ఆలస్యమైతే కాలదోషం. అప్పుడు మీరు బేషరతు క్షమాపణ చెప్పినా ఎవరూ వినరు.