దోసకాయగారికి జరిగిన అన్యాయం

సోవియట్ సినిమా గురించి నాలుగు మాటలు తెలిసినవాళ్లంతా నటి ల్యుద్మిలా గుర్చెంకోకి అన్యాయం జరిగిందని వాపోతారు. ఒగుర్త్సోవ్ గారి పక్షాన నోరు విప్పినవాడు ఒక్కడూ లేడు. ఆ లోటు నేను తీరుస్తాను.

ఎవరీ ఒగుర్త్సోవ్? 1956 చివర్లో విడుదలైన 'కార్నివాల్ రాత్రి' సినిమాలో ఒక సాంస్కృతిక భవనానికి ఇన్‌ఛార్జి డైరెక్టరు. రష్యన్‌లో ఒగురేత్స్ అంటే కీరదోసకాయ. మన లెక్కలో దోసకాయలవారు. కుర్రకారు కొత్త సంవత్సరానికి ఆటాపాటా పెట్టుకుంటామంటే ఆయన అడిగింది ఏపాటి? ముందు తన ప్రసంగం, క్లుప్తంగా ఓ 40 నిమిషాలు. ఆ తర్వాత అంగారకుడి మీద జీవం ఉందా లేదా అని ఒక శాస్త్ర ఉపన్యాసం. డాన్సు చేసే అమ్మాయిల కాళ్లు మాత్రం కాస్త కప్పి ఉంచాలి. మన వార్షికోత్సవాల్లో మూడో వక్త దాకా కూర్చున్నవాళ్లని అడగండి, 40 నిమిషాల్లో మైకు వదిలేసే అధ్యక్షుడు ఎంత దొడ్డవాడో చెబుతారు.

అలాంటి మనిషిని లేనా అనే పిల్ల, ఆమె జట్టూ కలిసి నవ్వులపాలు చేశారు. ఆ లేనా వేషం గుర్చెంకోది. ఖార్కొవ్‌లో ఒక అకార్డియన్ వాద్యకారుడి కూతురు, మాస్కోలో సినిమా విద్యార్థిని, వయసు 21. అసలు ఆమెకి ఆ వేషమే రాకూడదు. మొదటి స్క్రీన్ టెస్టులో చూడలేనట్టుగా తీశారు. ఆ ఫిల్ము అలాగే ఏ బీరువాలోనో పడి ఉంటే దేశం క్షేమంగా ఉండేది. మోస్‌ఫిల్మ్ అనే సినిమా స్టూడియో పెద్ద ఇవాన్ పీర్యెవ్‌కి కారిడార్‌లో ఆమె ఎదురుపడటం, ఆయన మళ్లీ పరీక్షించమనడం, అంతా అక్కడే చెడింది. నల్ల గౌను, చేతులకి తెల్లటి బొచ్చు తొడుగు, చీమలాంటి నడుము. ఏడాది మారడానికి ఇంకా ఐదు నిమిషాలుందని పాట. 4 కోట్ల 80 లక్షల పైచిలుకు జనం థియేటర్లకి పోయి మరీ అధికారిని చూసి నవ్వారు.

తెర మీద ఓడితేనేం, బయట ఒగుర్త్సోవ్‌లకి కొదవా? 1957లో 'కొమ్సొమోల్‌స్కయ ప్రావ్దా' పత్రిక ఆమె నేరాన్ని బయటపెట్టింది. ఆ పిల్ల కచేరీలిచ్చి లెక్కల్లోకి రాని డబ్బు తీసుకుంటోందట! స్టార్‌కి ఆకలేస్తుందని ఏ సిద్ధాంత గ్రంథంలోనూ రాయలేదు కదా. ఇంకో మాట. ఆ దెబ్బ కొట్టింది సంపాదకీయం కాదు, వ్యంగ్య వ్యాసం. మా వృత్తివాళ్ల పనే. గర్వపడాలో సిగ్గుపడాలో తేలక ఆ సంగతి ఇక్కడితో వదిలేస్తున్నాను.

ఇక పదిహేనేళ్లపైనే చిల్లర వేషాలు, లేదంటే ఎదురుచూపులు. బహిష్కరణ అని ఎవరూ కాగితం రాసివ్వలేదు. ఆ కాగితం లేకుండా జరిపించడంలోనే ఉంది పరిపాలనాదక్షత. నవ్వే వయసంతా అలా భద్రంగా గడిచిపోయింది.

1973లో 'పాత గోడలు' వచ్చింది. అందులో ఆమె ఏం వేసిందో తెలుసా? బట్టల మిల్లు డైరెక్టరు! మెడదాకా గుండీలు, మొహంలో బాధ్యత. చూశారా, అధికారి కుర్చీలోకి వచ్చి కూర్చోగానే దారులన్నీ తెరుచుకున్నాయి. ఆ వేషానికి ప్రభుత్వ బహుమతి కూడా ఇచ్చారు. ఒగుర్త్సోవ్ గారు చూసి ఉంటే కళ్లు చెమర్చేవి.

ఆవిడ మాత్రం మారలేదు. 1976లో మంచు మీద షూటింగులో, ఎలుగుబంటి వేషంలో ఉన్న తోటి నటుడు మీదపడి కాలు విరిగింది. కాళ్ల విషయంలో దోసకాయగారు ముందే హెచ్చరించారు కదా! ఎముకలు అతుక్కున్నాక మళ్లీ డాన్సు. ఆ తర్వాత 'ఇద్దరికి ఒక స్టేషన్'లో రైల్వే హోటల్లో వడ్డించే మనిషిగా వేసి ఏడిపించింది. 1983లో సోవియట్ ప్రజా కళాకారిణి బిరుదు ఇవ్వక తప్పలేదు. 2011 మార్చి 30న పోయింది.

ఇప్పటికీ డిసెంబరు చివర్లో అక్కడి టీవీల్లో ఆ నల్ల గౌను కనిపిస్తుంది. బొమ్మ అయిపోతుండగా ఒగుర్త్సోవ్ గారు కెమెరా ముందుకొచ్చి, ఇక్కడ జరిగినదానికి తన బాధ్యత ఏమీ లేదని అధికారికంగా ప్రకటిస్తారు. నమ్మాలి మరి. 1957లో జరిగినదానికి కూడా బాధ్యులెవరో ఇంతవరకు తేలలేదు.