ఒక్క అమ్మాయి కోసం నడిచిన స్టేషనా? అసలు జరిగింది వేరు

"జపాన్‌లో ఒక మారుమూల స్టేషన్. రోజూ అక్కడ రైలెక్కేది ఒకే ఒక్క హైస్కూలు అమ్మాయి. మూడేళ్ల కిందటే స్టేషన్ మూసేద్దామనుకున్న రైల్వే వాళ్లు, ఆమె సంగతి తెలిసి ఆగిపోయారు. ఆమె బడి వేళలను బట్టి రోజుకు రెండు రైళ్లు ఆపుతున్నారు. ఆమె చదువు పూర్తయిన రోజున స్టేషన్ మూతపడుతుంది. ప్రభుత్వమంటే ఇదీ!"

ఈ ఫార్వర్డ్ మీకూ వచ్చే ఉంటుంది. మంచులో నిలబడ్డ చిన్న రైలు ఫొటో ఒకటి, కింద "మన దేశంలో ఇలాంటివి ఊహించగలమా?" అన్న వాక్యం ఒకటి. 2016 జనవరిలో చైనా ప్రభుత్వ టీవీ సంస్థ సీసీటీవీ తన ఇంగ్లీషు ఫేస్‌బుక్ పేజీలో పెట్టాక ఈ కథ ప్రపంచమంతా తిరిగింది. అందులోని తప్పులు కొద్ది రోజుల్లోనే బయటపడ్డాయి. కానీ దిద్దుబాటును ఫార్వర్డ్ చేసేవాళ్లు ఎవరుంటారు? అందుకే ఆ కథ ఇప్పటికీ తిరుగుతూనే ఉంది. ఒక్కో మాటా తీసుకుని చూద్దాం.

ముందు స్టేషన్ సంగతి. కథలో వినిపించే పేరు కమి-షిరతాకి. ఉత్తరాన హొక్కైడో దీవిలో, ఎంగరు అనే పట్టణ పరిధిలో, సెకిహోకు మెయిన్ లైను మీద ఉండేది. కొండ కనుమ దాటించి ఈ లైను వేసిన 1932లో ఆ స్టేషన్ తెరిచారు. పేరుకి మెయిన్ లైనేగానీ ఆ భాగమంతా సింగిల్ ట్రాక్, డీజిల్ బండ్లు. కథ వైరల్ అయ్యేనాటికి కమి-షిరతాకిలో పొద్దున 7:04కి ఎంగరు వైపు ఒక బండి, సాయంత్రం 17:08కి తిరుగు దిశలో ఒక బండి ఆగేవి. అంతే. "రోజుకు రెండే రైళ్లు" అన్న ముక్క ఇక్కడి నుంచి వచ్చింది.

అయితే ఆ అమ్మాయి ఎక్కింది ఈ స్టేషన్‌లో కాదు. షిరతాకి అన్న పేరుతో ఆ పక్కపక్కనే నాలుగు స్టేషన్లుండేవి: కమి-షిరతాకి, షిరతాకి, క్యూ-షిరతాకి, షిమో-షిరతాకి. వాటిలో ఆమె రోజూ ఎక్కింది మూడోది, క్యూ-షిరతాకి. 1947లో స్థానికుల కోసం పెట్టిన తాత్కాలిక హాల్ట్ అది. 1987లో గానీ దానికి పూర్తి స్టేషన్ హోదా రాలేదు. పొద్దున 7:04కి కమి-షిరతాకి వదిలిన బండే 7:15కి ఇక్కడికి వచ్చేది. తిరిగొచ్చేందుకు ఇక్కడ ఒకటి కాదు, మూడు బండ్లు ఆగేవి. అంటే కథలో ఒక స్టేషన్ టైమ్ టేబుల్, ఇంకో స్టేషన్ ప్రయాణికురాలు కలిసిపోయాయి. రెండు బండ్లు మాత్రమే ఆగే ఊళ్లో ఆమె ఎక్కదు, ఆమె ఎక్కే ఊళ్లో బండ్లు రెండు కావు. పేర్లు తెలియనివాళ్లు పొరబడ్డారంటే అర్థం చేసుకోవచ్చు. ఎటొచ్చీ ఆ పొరపాటు లేకపోతే ఈ కథలో సగం అందం పోతుంది. అందుకే ఎవరూ దిద్దలేదేమో అని నా అనుమానం.

ఇక "ఆమె కోసమే రైలు" అన్న మాట. ఆ బండి కనుమకు ఇవతలి కమికవ నుంచి బయల్దేరి, లైను పొడుగునా చిన్న స్టేషన్లలో ఆగుతూ ఎంగరు వైపు పోయే మామూలు ప్యాసింజర్. షిరతాకిలోనూ ఆ తర్వాతి స్టేషన్లలోనూ వేరే పిల్లలు ఎక్కేవారు. క్యూ-షిరతాకిలో ఎవరూ నిలబడకపోయినా ఆ బండి నడిచేదే. ఆమె కోసం అదనంగా జరిగిందల్లా బ్రేకు వేసి తలుపు తీయడం.

ఆమె సెలవులను బట్టి వేళలు మార్చారనే ముక్క కూడా కొన్ని ఫార్వర్డ్‌లలో కనిపిస్తుంది. సింగిల్ ట్రాక్ మీద అదెలా సాధ్యమో ఆ రాసినవాళ్లు ఒక్క నిమిషం ఆలోచించి ఉంటే బాగుండేది. ఎదురెదురు బండ్లు ఒకదాన్నొకటి దాటాలంటే లూప్ (పక్కన ఇంకో పట్టా) ఉన్న చోటే దాటాలి. సప్పోరో నుంచి అబషిరి పోయే ఎక్స్‌ప్రెస్‌లూ, గూడ్సులూ అన్నీ ఆ లెక్కలో ఇమడాలి. ఒక ప్యాసింజర్‌ని పది నిమిషాలు జరిపితే మిగతా బండ్ల టైమింగులన్నీ కదులుతాయి. బడిపిల్లలకు అనువుగా పొద్దున ఒక బండి, సాయంత్రం ఒక బండి ఉంచడం వేరు. అది జపాన్ పల్లె లైన్లన్నిటా ఉన్నదే, ఎందుకంటే ఆ లైన్ల మీద రోజూ తిరిగేవాళ్లలో ఎక్కువమంది పాసులున్న విద్యార్థులే.

"స్టేషన్ నడిపారు" అనగానే మనకు స్టేషన్ మాస్టరు, టికెట్ కౌంటరు, పచ్చజెండా గుర్తొస్తాయి. అక్కడ అవేమీ లేవు. సిబ్బంది లేని స్టేషన్లవి. పొట్టి ప్లాట్‌ఫారం, చెక్కతో కట్టిన వెయిటింగ్ గది. ఒకే పెట్టె ఉన్న డీజిల్ బండికి డ్రైవరే గార్డు, డ్రైవరే కండక్టరు. ఎక్కేటప్పుడు నంబరు వేసిన చీటీ తీసుకోవాలి, దిగేటప్పుడు ముందు తలుపు దగ్గర డబ్బాలో చార్జీ వేయాలి. ఖర్చు లేదని కాదు. హొక్కైడోలో శీతాకాలమంతా ప్లాట్‌ఫారం మీద మంచు ఎత్తిపోయాలి, పాతబడ్డ చెక్క గదికి మరమ్మతులు చేయించాలి. కంపెనీ వదిలించుకోవాలనుకున్నది ఆ ఖర్చునే. ఒక ఊళ్లో ఒక అమ్మాయి కోసం రైల్వే వ్యవస్థ మొత్తం పనిచేసిందన్న ఊహకూ, ఈ ఖర్చుకూ పొంతన లేదు.

అసలు అబద్ధం మాత్రం మూసివేత తేదీలో ఉంది.

ఆమె చదువు అయిపోయిన రోజునే స్టేషన్ మూసేశారని కథ. జపాన్‌లో హైస్కూళ్ల వీడ్కోలు సభలు మార్చి మొదట్లోనే అయిపోతాయి. స్టేషన్ మూసింది 2016 మార్చి 26న. ఆ రోజుకు ఉన్న ప్రత్యేకత ఆమె కాదు. షిన్-అఒమొరి నుంచి సముద్రం కింది సొరంగం గుండా షిన్-హకొదతె-హొకుతో వరకు హొక్కైడో బుల్లెట్ రైలు మొదలైన రోజు అది. జపాన్ రైల్వే కంపెనీలు ఏటా మార్చిలో టైమ్ టేబుల్ మారుస్తాయి. ఆ ఏడు బుల్లెట్ రైలు ఉండడంతో, ఆ దీవిలో రైళ్లు నడిపే కంపెనీ జేఆర్ హొక్కైడో తన టైమ్ టేబుల్ మొత్తాన్ని ఆ రోజునే మార్చింది.

అదే రోజు హొక్కైడోలో 8 స్టేషన్లు మూతపడ్డాయి. సెకిహోకు లైనులో నాలుగు, మిగతావి వేరే మూడు లైన్లలో. కమి-షిరతాకి, క్యూ-షిరతాకి, షిమో-షిరతాకి మూడూ ఒకేసారి పోయాయి, మధ్యలో ఉన్న షిరతాకి ఒక్కటే మిగిలింది. ఆ ఎనిమిదింటికీ ఉన్న పోలిక, రోజుకు సగటున ఎక్కేవాళ్లు ఒకరు, లేదా అంతకంటే తక్కువ. మరి మిగతా ఏడు స్టేషన్లలోనూ ఒక్కో అమ్మాయి అదే నెలలో చదువు పూర్తి చేసుకుందా? ఎంపిక 2015లోనే జరిగిపోయింది. అంతెందుకు, అదే మార్పులో హొక్కైడోలోనే ఉన్న షిన్-తొత్సుకవ స్టేషన్‌కు రోజుకు మూడుసార్లు వచ్చే బండిని ఒకసారికి తగ్గించారు. ఆ ఒక్క బండీ పొద్దున్నే వెళ్లిపోతే రోజంతా ఇంకేమీ ఉండేది కాదు. దాని మీద ఎవరూ కంటతడి పెట్టే పోస్టు రాయలేదు.

విద్యా సంవత్సరమూ ఆర్థిక సంవత్సరమూ జపాన్‌లో రెండూ మార్చితోనే ముగుస్తాయి. కాబట్టి మార్చిలో ఏ స్టేషన్ మూసినా ఎవరో ఒక విద్యార్థి చదువుతో కలిసొస్తుంది. ఆమె చివరి ఏడాది ఆ హాల్ట్ బతికి ఉండడం మంచిదే అయింది. అంతమాత్రాన అది ఆమె కోసం జరిగినట్టు కాదు.

"గూడ్స్ కూడా ఆగిపోయాక, నష్టాన్ని లెక్కచేయకుండా పెద్ద మనసుతో నడిపారు" అని ఇంకో మాట. గూడ్స్ సంగతి ముందు చెప్పేస్తాను: ఆ లైను మీద 2016లో గూడ్స్ ఆగిపోలేదు. కితామి చుట్టుపక్కల పండే ఉల్లిపాయలు జపాన్‌లో పెద్ద పేరున్నవి. పంట కాలంలో వాటిని ఈ లైను మీదుగానే బయటికి పంపుతారు. ఎంగరులో పట్టాలు ఎదురు తిరుగుతాయి, బండి వచ్చిన వైపే వెనక్కి పోవాలి. అందుకని ఆ ఉల్లి బండికి ముందొక ఇంజను, వెనకొక ఇంజను. నన్నడిగితే అమ్మాయి కథకంటే ఈ ఉల్లి బండి కథే ఎక్కువమందికి తెలియాలి. ఆ లైను ఇంకా ఉండడానికి ఎక్స్‌ప్రెస్‌లతో పాటు అదీ ఒక కారణం.

ఇక పెద్ద మనసు. 1987లో జపాన్ ప్రభుత్వ రైల్వేను ముక్కలు చేసి కంపెనీలుగా మార్చినప్పుడు టోక్యో, ఒసాకా లాంటి నగరాలున్న కంపెనీలకు లాభాల లైన్లు దక్కాయి. మంచు, కొండలు, పలచబడుతున్న ఊళ్లు జేఆర్ హొక్కైడోకు దక్కాయి. దానికి నష్టాలు తప్పవని అందరికీ మొదటి రోజునే తెలుసు. అందుకే 68,220 కోట్ల యెన్‌ల నిధి ఇచ్చి, ఆ వడ్డీతో నష్టం పూడ్చుకోమన్నారు. మొదట్లో వడ్డీ 7 శాతం పైనే ఉండేది కాబట్టి లెక్క కుదిరింది. తర్వాత జపాన్‌లో వడ్డీ రేట్లు సున్నా దాకా పడిపోయాయి. నిధి అలాగే ఉంది, రాబడి కరిగిపోయింది. దాని పర్యవసానాలు పట్టాల మీద కనిపించాయి. 2011 మేలో సెకిషో లైను సొరంగంలో ఒక ఎక్స్‌ప్రెస్ పట్టాలు తప్పి కాలిపోయింది. 2013లో ఒక గూడ్సు పట్టాలు తప్పాక, ట్రాక్ కొలతల రికార్డులను దిద్దినట్టు బయటపడింది. చివరికి 2016 నవంబరులో, అంటే ఆ స్టేషన్లు మూసిన ఎనిమిది నెలలకు, 1,237 కిలోమీటర్ల లైన్లను సొంతంగా నిలబెట్టుకోలేనని కంపెనీయే ప్రకటించింది. తన మొత్తం లైన్లలో దాదాపు సగం. ఆ జాబితాలో సెకిహోకు లైను కూడా ఉంది.

పోస్టులో "ప్రభుత్వమంటే ఇదీ" అని పొగిడింది ఈ పరిస్థితిని. చేతిలో డబ్బుల్లేక వెనక్కి తగ్గుతున్న కంపెనీ, తగ్గుతూ తగ్గుతూ ఒక హాల్ట్‌ను ఇంకో ఏడాది అలాగే ఉంచింది. దాన్ని తీసుకొచ్చి త్యాగమని పేరు పెట్టారు. నాకు అన్నిటికంటే కోపం తెప్పించేది ఇదే. ఒక ప్రాంతం మొత్తం రైలు పోగొట్టుకుంటున్న సమయంలో, ప్రపంచం ఆ కంపెనీకి చప్పట్లు కొట్టింది.

కథలో నిజమేమీ లేదా అంటే, ఉంది. అమ్మాయి నిజం. ఎంగరు హైస్కూల్లో మూడో ఏడాది, అంటే ఆఖరి ఏడాది చదువుతూ, క్యూ-షిరతాకి నుంచి రోజూ అరగంటకు పైగా ప్రయాణం చేసేది. ఆ హాల్ట్‌లో రోజూ క్రమం తప్పకుండా ఎక్కేది ఆమె ఒక్కతే అన్నదీ నిజమే. ఇంతవరకు చెప్పి ఆపేసి ఉంటే ఎవరికీ అభ్యంతరం ఉండేది కాదు. నిజానికి ఇంతవరకే బోలెడు కథ ఉంది. ఎందుకు ఒక్కతే మిగిలింది? షిరతాకి 2005 దాకా సొంత గ్రామం. జనం తగ్గిపోయి, ఆ ఏడాది పక్క ఊళ్లతో కలిపి ఎంగరులో విలీనం చేశారు. హైస్కూలు చదువు కావాలంటే ఎంగరు దాకా పోవాల్సిందే. కారు నడిపే వయసు రాని పిల్లలకు రైలే దిక్కు. ఆ అమ్మాయి పేరూ మొహమూ ప్రపంచమంతా తిరిగాయి గానీ, ఈ ప్రశ్న మాత్రం ఎవరూ వేయలేదు.

ఆ తర్వాత ఏమైందో కూడా ఫార్వర్డ్‌లో ఉండదు. షిమో-షిరతాకిలో లూప్ లైను అవసరం గనక దాన్ని బండ్లు దాటుకునే చోటుగా ఉంచారు, ప్రయాణికులకు మాత్రం మూసేశారు. కమి-షిరతాకి పోవడంతో కమికవ, షిరతాకిల మధ్య 37.3 కిలోమీటర్లు ఒక్క స్టేషన్ కూడా లేదు. బుల్లెట్ రైళ్లను పక్కన పెడితే జేఆర్ లైన్లలో రెండు స్టేషన్ల మధ్య ఇంత దూరం ఇంకెక్కడా లేదు. 2021 మార్చిలో హొక్కైడోలో ఇంకో 18 స్టేషన్లు ఒకేసారి పోయాయి. ఎంగరు పట్టణంలోనే ఉన్న ఇకునో కూడా వాటిలో ఉంది.

జనం లేని స్టేషన్‌ను ఎవరైనా పట్టుబట్టి నిలబెట్టిన ఉదాహరణే కావాలంటే అదీ హొక్కైడోలోనే దొరుకుతుంది. దేశపు ఉత్తర కొసకు పోయే సోయా లైనులో నుకనన్ అనే స్టేషన్ ఉంది. దాని వెయిటింగ్ గది, ఇళ్లలో పనిముట్లు దాచుకునే రేకుల గది. దాన్ని చూడ్డానికే దూరాల నుంచి రైలు పిచ్చి ఉన్నవాళ్లు వస్తారు. 2021 నుంచి దాని నిర్వహణ ఖర్చు రైల్వే కంపెనీ పెట్టడం లేదు. హొరొనోబె అనే చిన్న పట్టణం తన బడ్జెట్‌లోంచి కడుతోంది.